బిగ్ మామా థార్న్‌టన్ పాడింది, రాసింది... డబ్బు ఎటు పోయింది?

అందరికీ నమస్కారం. ఈ వీడియో విల్లీ మే థార్న్‌టన్ గురించి. బ్లూస్, అంటే అమెరికా నల్లజాతివాళ్ళ నుంచి పుట్టిన సంగీతం, వినేవాళ్ళకి ఆమె బిగ్ మామా థార్న్‌టన్. ఆమె పేరు వెతికితే ముందుగా రెండే విషయాలు వస్తాయి. ఎల్విస్ ప్రెస్లీ కంటే ముందు ‘హౌండ్ డాగ్’ పాడింది. రాక్ గాయని జానిస్ జాప్లిన్ కంటే ముందు ‘బాల్ అండ్ చైన్’ పాడింది. రెండూ నిజమే. కానీ నలభై ఏళ్ళు స్టేజి మీద బతికిన మనిషిని ఎప్పుడూ ‘ఇంకొకరి కంటే ముందు’ అనే మాటతోనే పరిచయం చేస్తుంటే నాకు బాధేస్తుంది. అందుకే ఈరోజు ఆమె పాటతోనే మొదలుపెట్టి, మిగతావాళ్ళ దగ్గరికి తర్వాత వెళ్దాం.

1926 డిసెంబరు 11న అమెరికా దక్షిణాన అలబామా రాష్ట్రంలో పుట్టింది. తండ్రి పాస్టరు, తల్లి చర్చిలో పాడేది. విల్లీ మేకి దాదాపు 14 ఏళ్ళప్పుడు తల్లి చనిపోయింది. చదువు ఆగిపోయింది. ఊళ్ళో ఒక సారా దుకాణంలో నేల తుడవడం, ఉమ్మితొట్లు కడగడం, ఇదీ ఆమెకి దొరికిన పని. ఒక రాత్రి అక్కడ పాడాల్సిన గాయని రాకపోతే ఆ పిల్లనే పాడమన్నారు. ఆ తర్వాత ఎక్కువ కాలం ఆ ఊళ్ళో ఉండలేదు. 1941 ప్రాంతంలో ‘హాట్ హార్లెమ్ రెవ్యూ’ అనే బృందంలో చేరింది. పాట, ఆట, హాస్యం అన్నీ కలిపి ఊరూరా తిరిగి ప్రదర్శించే బృందం అది. ఏడేళ్ళ పాటు వాళ్ళతో దక్షిణాది రాష్ట్రాలన్నీ తిరిగింది.

ఆమె చదువుకున్న బడి అదే. డ్రమ్స్ ఎవరూ నేర్పలేదు, పక్కన నిలబడి చూసి నేర్చుకుంది. నోటితో వాయించే హార్మోనికా కూడా అంతే. సంగీతం రాసిన కాగితం చదవడం తనకి రాదని, కానీ ఏం పాడుతున్నానో తనకి తెలుసని, తన పాట తన అనుభవం నుంచే వస్తుందని తర్వాత చాలాసార్లు చెప్పుకుంది. ఆ రోజుల్లో బ్లూస్ పాడే ఆడవాళ్ళు చాలామంది ఉన్నారు. డ్రమ్స్ ముందు కూర్చుని, హార్మోనికా అందుకుని, బ్యాండుకి తాళం ఎలా పడాలో తానే చెప్పగలిగే ఆడవాళ్ళు మాత్రం చాలా అరుదు.

1948లో టెక్సస్‌లోని హ్యూస్టన్ చేరింది. అక్కడ డాన్ రోబీ అనే నల్లజాతి వ్యాపారి ఉన్నాడు. ఆయనకి ఒక నైట్ క్లబ్, దాంతో పాటు పీకాక్ రికార్డ్స్ అనే కంపెనీ. 1951లో ఆమెతో ఒప్పందం రాయించుకున్నాడు. మరుసటి ఏడాది న్యూయార్క్‌లోని అపోలో థియేటర్‌లో ఆమె మొదట్లో వచ్చి పాడి వెళ్ళిపోయే చిన్న ఆర్టిస్టు. జనం వెళ్ళనివ్వలేదు. ఆ థియేటర్ నడిపే ఫ్రాంక్ షిఫ్‌మన్ ఆమె పేరు పైకెక్కించాడు, బిగ్ మామా అనే పేరు కూడా ఆయన పెట్టిందే. ఆరడుగుల మనిషి, భారీ శరీరం, ఆ హాలుకి మైకు అక్కర్లేదనిపించే గొంతు. పేరు అతుక్కుపోయింది.

ఇప్పుడు 1952 ఆగస్టుకి వద్దాం. ఇక్కడ కొంచెం నెమ్మదిగా వెళ్తాను, ఎందుకంటే ఆమె పనితనం అర్థం కావాలంటే ఈ ఒక్క పాట చాలు.

లాస్ ఏంజెలస్. బ్యాండు నడిపేది జానీ ఓటిస్. పాట రాయమని ఇద్దరు కుర్రాళ్ళని పిలిచాడు, జెర్రీ లీబర్, మైక్ స్టోలర్. ఇద్దరికీ 19 ఏళ్ళు, ఇద్దరూ యూదు కుటుంబాల పిల్లలు, బ్లూస్ అంటే ప్రాణం. రిహార్సల్‌లో ఆమె పాట విని, ఆ మనిషిని చూసి, అక్కడి నుంచి బయటికొచ్చి నిమిషాల్లో రాసుకొచ్చారు. కూర్చుని తిని, కబుర్లు చెప్పి, పైసా తేని మగాడిని గుమ్మం బయటికి గెంటేసే ఆడదాని పాట. అదే ‘హౌండ్ డాగ్’, అంటే వేటకుక్క. చూపించగానే ఆమె దాన్ని మెల్లగా, తీయగా పాడటం మొదలుపెట్టింది. అలా కాదండీ అని లీబర్ అనగానే ఆమెకి కోపం వచ్చింది. 19 ఏళ్ళ కుర్రాడు వచ్చి బ్లూస్ ఎలా పాడాలో చెప్తే ఎవరికైనా వస్తుంది. ఓటిస్ సర్దిచెప్పి ఆ కుర్రాడినే పాడి చూపించమన్నాడు. ఆమె వింది. విన్న తర్వాత ఏం చేసిందో రికార్డులో ఉంది.

ఆ రికార్డులో గొంతు మొదటి మాటకే గుర్రుమంటుంది. లైను పూర్తికాకముందే ఆగుతుంది, తాళానికి అర క్షణం వెనక పడుతుంది, మళ్ళీ దూకుతుంది. గిటార్ వాయించే పీట్ లూయిస్ సోలో అందుకుంటే ఈమె ఊరుకోదు. అతన్ని ఎగదోస్తూ, నవ్వుతూ, అరుస్తూ మాట్లాడుతూనే ఉంటుంది. ఆ మాటలు కాగితం మీద లేవు. చివర్లో బ్యాండు వాళ్ళందరూ కుక్కల్లా మొరిగి ఊళ పెడతారు. తీసింది రెండే టేకులు, మనం వినేది రెండోది.

1953లో విడుదలై రిథమ్ అండ్ బ్లూస్ చార్టులో ఏడు వారాలు మొదటి స్థానంలో ఉంది. ఆమెకి ఆ సంగతి ఎలా తెలిసిందో తర్వాత ఒక ఇంటర్వ్యూలో చెప్పింది. ఒహాయోలోని డేటన్‌లో షోకి వెళ్తుంటే రేడియోలో తన పాట వినిపించిందట. కంపెనీ వాళ్ళు ఎవరూ చెప్పలేదు. లక్షల కాపీలు అమ్ముడుపోయిన ఆ రికార్డు మీద తనకి 500 డాలర్ల చెక్కు ఒకటి వచ్చిందని, మళ్ళీ ఇంకోటి చూడలేదని ఆమె చెప్పింది. రాసిన కుర్రాళ్ళ పరిస్థితి కూడా గొప్పగా ఏమీ లేదు. వాళ్ళకి రోబీ ఇచ్చిన 1,200 డాలర్ల చెక్కు బ్యాంకులో చెల్లలేదు.

ఇక్కడ ఒక విషయం నన్ను నిజంగా మండిస్తుంది. అదే 1953లో మెంఫిస్‌లోని సన్ రికార్డ్స్ ఈ పాటకి జవాబుగా రూఫస్ థామస్ చేత ‘బేర్ క్యాట్’ పాడించింది. బాణీ అదే. రోబీ కోర్టుకెక్కాడు, గెలిచాడు. అంటే ఈ పాట విలువ ఎంతో పీకాక్ కంపెనీకి బాగా తెలుసు. తన వాటా కోసం జడ్జి ముందు నిలబడగలిగింది. పాడిన మనిషి వాటా దగ్గరికొచ్చేసరికి ఆ జ్ఞానం ఏమైపోయింది?

1956 జులై 2న ఎల్విస్ ఇదే పాట రికార్డు చేశాడు. ఆయన తీసుకున్నది ఈమె పాడిన తీరు కూడా కాదు. లాస్ వేగాస్‌లో ఫ్రెడీ బెల్ అనే గాయకుడి బృందం ఆ పాటని హాస్యంగా మార్చి, మగాడి సంగతి తీసేసి, కుందేలు సంగతి పెట్టి పాడుతుంటే విని నేర్చుకున్నాడు. ఆడది మగాడిని గెంటేసే పాట కాస్తా కుక్క మీద పాట అయిపోయింది. ‘డోంట్ బీ క్రూయెల్’ పాటతో కలిపి ఒకే రికార్డుగా వచ్చి 11 వారాలు మొదటి స్థానంలో నిలబడింది.

ఎల్విస్ దొంగిలించాడని చాలామంది అంటారు. నేను అలా అనను. పాట రాసింది లీబర్, స్టోలర్. అమెరికా చట్టం ప్రకారం పాటని ఇంకెవరైనా మళ్ళీ రికార్డు చేస్తే డబ్బు రాసినవాళ్ళకి, వాళ్ళ ప్రచురణకర్తకి వెళ్తుంది. మొదట పాడినవాళ్ళకి ఒక్క సెంటు కూడా రాదు. ఆమె పెట్టిన గుర్రుమనే పలుకు, విరుపులు, గిటారిస్టుతో సంభాషణ, ఇవేవీ రచన కింద లెక్కలోకి రావు. నా దృష్టిలో అసలు అన్యాయం ఆ లెక్కలో ఉంది. బ్లూస్ అనేది కాగితం మీద చాలా చిన్నది. మామూలుగా ఒక లైను, మళ్ళీ అదే లైను, తర్వాత దానికి జవాబు. మిగతాదంతా పాడేవాళ్ళు తెచ్చేదే. ఆ సంగీతంలో కాగితం మీద ఉన్నదానికే విలువ కడితే, నష్టపోయేది ఎవరో చెప్పక్కర్లేదు.

మరి ఆమే రాసుంటే? ఆమే రాసిన పాట సంగతికి ఇంకాసేపట్లో వస్తాను.

అంతకంటే ముందు 1954 క్రిస్మస్ రోజు. హ్యూస్టన్‌లోని సిటీ ఆడిటోరియంలో ఆమెతో పాటు షో చేస్తున్న గాయకుడు జానీ ఏస్, వయసు 25, తెరవెనుక రివాల్వర్‌తో ఆడుకుంటూ తనని తానే కాల్చుకుని చనిపోయాడు. ఆమె అదే గదిలో ఉంది. దాని గురించి ఆమె ఇచ్చిన వాంగ్మూలం నేటికీ ఆ సంఘటనకి ప్రధాన సాక్ష్యం. ఆ తర్వాత పీకాక్‌లో రికార్డులు వచ్చాయి గానీ మళ్ళీ అంత పెద్ద హిట్ రాలేదు. కొన్నాళ్ళకి ఆ కంపెనీ వదిలేసి శాన్ ఫ్రాన్సిస్కో వైపు వెళ్ళిపోయింది.

ఇప్పుడు ఆమె బట్టల గురించి చెప్పాలి. ఫోటోలు చూడండి. గళ్ళ చొక్కా, ప్యాంటు, బూట్లు, టోపీ. కంపెనీ కోసం గౌను వేసుకుని దిగిన ఫోటోలు కూడా ఉన్నాయి, కానీ ఆమె ఇష్టంగా వేసుకున్నవి పని చేసే మగవాళ్ళ బట్టలు. ఇది ఫ్యాషన్ కబురుగా వదిలేసే విషయం కాదు. హ్యూస్టన్ నగరంలో ఆడవాళ్ళు మగవాళ్ళ బట్టలు, మగవాళ్ళు ఆడవాళ్ళ బట్టలు వేసుకోకూడదనే స్థానిక చట్టం 1980 దాకా ఉంది. అలాంటి ఊళ్ళో ఉంటూ, దక్షిణాదిలో నల్లజాతి మహిళగా తిరుగుతూ, తనకి నచ్చిన బట్టలో స్టేజి ఎక్కింది. చాటుమాటు మాటలు చాలా పుట్టాయి. అయినా ఆ చొక్కా మారలేదు.

1965లో ‘అమెరికన్ ఫోక్ బ్లూస్ ఫెస్టివల్’ బృందంతో యూరప్ వెళ్ళింది. అప్పటి వీడియోలో హార్మోనికా వాయించే మగవాళ్ళు వరుసగా నిలబడి ఉంటారు, బిగ్ వాల్టర్ హోర్టన్, డాక్టర్ రాస్, జాన్ లీ హుకర్, జె.బి. లెనోయర్. వాళ్ళ మధ్యలో ఈమె. ఎవరి వంతు ఎప్పుడో ఆమే చూసుకుంటుంది. తన వంతు వచ్చినప్పుడు ఒక్క స్వరం కూడా తక్కువ వాయించదు. అదే పర్యటనలో లండన్‌లో బడ్డీ గై గిటార్‌తో ఒక ఆల్బమ్ రికార్డు చేసింది, ఆర్హూలీ అనే చిన్న కంపెనీకి. మరుసటి ఏడాది శాన్ ఫ్రాన్సిస్కోలో మడ్డీ వాటర్స్ బ్యాండుతో ఇంకోటి. నన్నడిగితే ఆమె గొంతు ఏమిటో తెలియాలంటే హిట్ పాట కంటే ఈ రెండు ఆల్బమ్‌లే ముందు వినాలి.

సరే, ఆమే రాసిన పాట. ‘బాల్ అండ్ చైన్’. ఖైదీ కాలికి కట్టే గొలుసు, ఇనప గుండు లాంటి ప్రేమ గురించి. 1960ల మొదట్లో బే టోన్ అనే చిన్న కంపెనీకి పాడింది. వాళ్ళు రికార్డు విడుదల చేయలేదు, హక్కు మాత్రం తమ దగ్గరే ఉంచుకున్నారు. తర్వాత శాన్ ఫ్రాన్సిస్కోలో ఒక బార్‌లో ఆమె ఆ పాట పాడుతుంటే జానిస్ జాప్లిన్, ఆమె బ్యాండు వాళ్ళు విన్నారు. వెళ్ళి, మేమూ పాడుకుంటాం అని అడిగారు. ఆమె సరే అంది. వాళ్ళు వేగం తగ్గించి, విషాదంగా వినిపించే మైనర్ స్వరాల్లోకి మార్చుకున్నారు. 1967 జూన్‌లో మాంటెరే పాప్ ఫెస్టివల్‌లో జానిస్ ఆ పాటతోనే రాత్రికి రాత్రే పేరు తెచ్చుకుంది. 1968లో వచ్చిన ‘చీప్ థ్రిల్స్’ ఆల్బమ్ మొదటి స్థానానికి వెళ్ళింది. రచయితగా థార్న్‌టన్ పేరు అందులో ఉంది. కానీ హక్కు చేజారిపోవడంతో రాయల్టీ ఆమెకి దక్కాల్సినంత దక్కలేదు.

చూశారా, మొదటిసారి పాడింది గానీ రాయలేదని పోయింది. రెండోసారి రాసింది గానీ హక్కు లేదని పోయింది. జానిస్ మీద మాత్రం ఆమె ఎప్పుడూ ద్వేషం చూపలేదు. అనుమతి తానే ఇచ్చానని, తనలాగే మనసుతో పాడే పిల్ల అని మెచ్చుకుంది.

1970లలో ఆమె చేసిన పనిలో నాకు బాగా ఇష్టమైనది 1975లో వచ్చిన ‘జైల్’ అనే ఆల్బమ్. వాషింగ్టన్, ఒరెగాన్ రాష్ట్రాల్లో జైళ్ళలోకి వెళ్ళి ఖైదీల ముందు పాడింది. ఇనప గుండు పాట అక్కడ వింటున్నవాళ్ళకి ఎలా తగిలి ఉంటుందో ఊహించుకోండి.

తాగుడు అప్పటికే ఆమె ఒంటిని తినేసింది. ఒకప్పుడు 350 పౌండ్లున్న మనిషి, అంటే దాదాపు 160 కిలోలు, చివరికి 95 పౌండ్లకి, అంటే 43 కిలోలకి వచ్చింది. అయినా 1980లో న్యూయార్క్‌లో ‘బ్లూస్ ఈజ్ ఎ విమన్’ అనే కచేరీకి మగవాళ్ళ త్రీ పీస్ సూటు, గడ్డి టోపీ, బంగారు గడియారంతో వచ్చి, స్టేజి మధ్యలో కుర్చీ వేసుకుని, ముందే రాసుకున్న వరస పక్కన పెట్టి తనకి నచ్చిన పాటలు పాడింది.

1984 జులై 25న లాస్ ఏంజెలస్‌లో ఒక అద్దె గదుల ఇంట్లో గుండెపోటుతో చనిపోయింది. వయసు 57. అప్పటికి పాస్టరు అయిన జానీ ఓటిస్ అంత్యక్రియలు జరిపించాడు. ఇంగిల్‌వుడ్ పార్క్ శ్మశానంలో ఇంకో ఇద్దరితో కలిపి ఒకే సమాధి. అదే ఏడాది బ్లూస్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చారు. రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్ ఆమెని గుర్తించేసరికి 2024 వచ్చింది. పోయిన నలభై ఏళ్ళకి. ఎల్విస్‌కి ఆ గౌరవం 1986లో, ఆ సంస్థ మొట్టమొదటి జాబితాలోనే దొరికింది.

వినడం ఎక్కడ మొదలుపెట్టాలని కామెంట్లలో అడుగుతారు కాబట్టి ఇప్పుడే చెప్తున్నా. ముందు 1965లో బడ్డీ గైతో ఉన్న ‘హౌండ్ డాగ్’ వీడియో చూడండి. తర్వాత 1952 రికార్డు. ఆ తర్వాత ఆర్హూలీ కంపెనీకి ఆమె పాడిన ‘బాల్ అండ్ చైన్’ పెట్టుకుని, హెడ్‌ఫోన్స్‌లో, మధ్యలో ఆపకుండా. అది విన్నాకే జానిస్ పాడింది వినండి, ఆ వరసలోనే. మీకు ఏమనిపించిందో కింద రాయండి, నేను ప్రతి ఒక్కటీ చదువుతాను.