రెండు అంకెల కోసం గేమ్ మొత్తం తీసెయ్యకండి: కోనసీమ హాల్లో టీవీ, డల్లాస్ లాప్‌టాప్

నమస్తే అండి, అందరూ బాగున్నారా! ఈ వ్లాగ్ అమలాపురం పక్క నుంచి. అరిసెల పాకం, అంబాజీపేట కొబ్బరి మార్కెట్టు వేరే వీడియోల్లో పెడతాం. ఇవాళ పనంతా హాల్లో టీవీ ముందే. సంక్రాంతికి డల్లాస్ నుంచో మెల్‌బోర్న్ నుంచో దిగిన పిల్లలు గేమింగ్ లాప్‌టాప్ తీసి, గోడకున్న 32 అంగుళాల టీవీకి హెచ్‌డీఎంఐ కేబుల్ తగిలిస్తారు. డెస్క్‌టాప్ బాగానే వస్తుంది. గేమ్ నొక్కగానే తెర నల్లబడిపోతుంది. మ్యూజిక్ వినబడుతుంది, బొమ్మ రాదు. లేదా 'మోడ్ నాట్ సపోర్టెడ్' అని టీవీ ఓ డబ్బా చూపించి ఊరుకుంటుంది. దివాన్ మీంచి మావయ్యగారు "టీవీ గానీ పోయిందేట్రా?" అంటారు. పోలేదండి మావయ్యగారూ, టీవీ శుభ్రంగా ఉంది.

జరిగింది ఇదండి. అక్కడ మానిటర్ 2560 బై 1440 చుక్కలు (ఈ సైజునే రిజల్యూషన్ అంటారు), 144 హెర్ట్జ్, అంటే సెకనుకి 144 సార్లు బొమ్మ మార్చేది అనుకోండి (ఇది రిఫ్రెష్ రేట్). గేమ్ ఆ సైజును రాసిపెట్టుకుంది. ఇక్కడ మన టీవీ 'హెచ్‌డీ రెడీ' రకం. ప్యానెల్ 1366 బై 768 మాత్రమే. ఇలాంటివి చాలామటుకు 1920 బై 1080, 60 హెర్ట్జ్ వరకు సిగ్నల్ తీసుకుని లోపల కుదించుకుంటాయి, అంతకు మించితే తీసుకోవు. గేమ్ మాత్రం పాత సైజే అడుగుతుంది. సైజు మార్చాలంటే గేమ్ మెనూలోకి వెళ్ళాలి, మెనూ కనబడాలంటే సైజు మారాలి. అందుకే బయట నుంచే మార్చాలి.

ఇక్కడ చాలామంది చేసేది అన్‌ఇన్‌స్టాల్. దయచేసి ఆ పని చెయ్యకండి. చాలా గేములు రిజల్యూషన్‌ని గేమ్ ఫోల్డర్లో దాచవు. డాక్యుమెంట్స్‌లోనో, యాప్‌డేటా అనే దాగున్న ఫోల్డర్లోనో, విండోస్ తన సెట్టింగ్స్ దాచుకునే రిజిస్ట్రీలోనో దాస్తాయి. గేములు కొని దించుకునే స్టీమ్ యాప్‌లో గేమ్ తీసేసినా అవి అక్కడే ఉండిపోతాయి. ఊళ్ళో మొబైల్ హాట్‌స్పాట్ మీద 100 జీబీ మళ్ళీ దించుకుంటే, మొదటిసారి నొక్కగానే అదే నల్ల తెర. మార్చాల్సింది వెడల్పు, ఎత్తు అనే రెండు అంకెలు, అంతే.

ఫైళ్ళ జోలికి వెళ్ళేముందు కీబోర్డ్ మీద అయిపోయే పనులు చూద్దాం. గేమ్ నల్లగా ఉన్నప్పుడు ఆల్ట్, ఎంటర్ కలిపి నొక్కండి. చాలా గేములు ఫుల్ స్క్రీన్ వదిలి కిటికీలోకి (విండోలోకి) వచ్చేస్తాయి, అప్పుడు మెనూ అందుతుంది. టాస్క్‌బార్‌లో గేమ్ ఉండి తెర మీద ఎక్కడా లేకపోతే అది ఇప్పుడు లేని రెండో మానిటర్ చోట తెరుచుకున్నట్టు. విండోస్ కీ, షిఫ్ట్ పట్టుకుని ఎడమ బాణం కానీ కుడి బాణం కానీ కొడితే ఇటు దూకుతుంది. తర్వాత విండోస్ కీ, పి నొక్కి 'సెకండ్ స్క్రీన్ ఓన్లీ' పెట్టండి. 'డూప్లికేట్'లో ఉంటే లాప్‌టాప్ తెరకూ టీవీకీ రెంటికీ సరిపడే సైజు వెతకడంలో విండోస్ ఇంకో గందరగోళం తెస్తుంది. సెట్టింగ్స్, సిస్టమ్, డిస్‌ప్లేలో రిజల్యూషన్ 1920 బై 1080 కానీ 1280 బై 720 కానీ పెట్టి, కింద అడ్వాన్స్‌డ్ డిస్‌ప్లేలో రిఫ్రెష్ రేట్ 60 ఉందో లేదో చూడండి.

ఈ డెస్క్‌టాప్ సైజు మార్చడాన్ని తేలిగ్గా తీసుకోకండి. ఇప్పటి గేములు చాలా 'బోర్డర్‌లెస్' మోడ్‌లో తెరుచుకుంటాయి. ఆ మోడ్‌లో గేముకి సొంత సైజంటూ ఉండదు, డెస్క్‌టాప్ ఎంతుంటే అంతే పరుచుకుంటుంది. అలాంటి గేముకి ఫైల్లో అంకెలు మార్చి 'ఏం మారలేదేటి' అని తల పట్టుకునేవాళ్ళు చాలామంది. డెస్క్‌టాప్ మారిస్తే చాలు, అది దానంతటదే మారుతుంది.

అక్కడికీ కాకపోతే స్టీమ్ తెరవండి. లైబ్రరీలో గేమ్ మీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్, జనరల్. కిందకి వస్తే 'లాంచ్ ఆప్షన్స్' అని ఖాళీ గడి. ఇందులో ఏం రాయాలన్నది గేమ్ ఏ ఇంజిన్‌తో, అంటే గేములు తయారుచేసే ఏ సాఫ్ట్‌వేర్‌తో, కట్టారన్న దాన్ని బట్టి ఉంటుంది. ఇంజిన్ కనుక్కోవడం తేలికే. అదే రైట్ క్లిక్‌లో మేనేజ్, బ్రౌజ్ లోకల్ ఫైల్స్ నొక్కితే గేమ్ ఫోల్డర్ తెరుచుకుంటుంది. అందులో 'యూనిటీ ప్లేయర్' అనే డీఎల్ఎల్ ఫైలుంటే యూనిటీ. 'ఇంజిన్' అని ఒక ఫోల్డరూ, దాని పక్కనున్న గేమ్ ఫోల్డర్ లోపల బైనరీస్‌లో పేరు చివర 'షిప్పింగ్' అని ఉన్న ఈఎక్స్‌ఈ ఉంటే అన్‌రియల్.

యూనిటీ అయితే గడిలో హైఫన్, స్క్రీన్, హైఫన్, విడ్త్, ఒక ఖాళీ, 1280. మళ్ళీ అలాగే హైఫన్, స్క్రీన్, హైఫన్, హైట్, ఖాళీ, 720. చివర హైఫన్, స్క్రీన్, హైఫన్, ఫుల్‌స్క్రీన్, ఖాళీ, సున్నా. ఇంగ్లీషు అక్షరాలు వీడియోలో కింద వేస్తున్నాం, చూసి కొట్టండి. సున్నా అంటే కిటికీలో తెరువు అని. అన్‌రియల్ అయితే హైఫన్, రెస్ఎక్స్, ఈక్వల్ గుర్తు, 1280. తర్వాత హైఫన్, రెస్‌వై, ఈక్వల్, 720. ఆఖర్న హైఫన్, విండోడ్. ఈక్వల్ గుర్తుకి అటూ ఇటూ ఖాళీ వదలకూడదు, యూనిటీలో ఖాళీ వదలాలి. ఎక్కువ మంది తప్పేది ఇక్కడే. వాల్వ్ వాళ్ళ సోర్స్ ఇంజిన్ గేములకి ఇంకా పొట్టి: హైఫన్ డబ్ల్యూ 1280, హైఫన్ హెచ్ 720.

స్టీమ్ కాకుండా వేరే చోట కొన్న గేమయితే డెస్క్‌టాప్ షార్ట్‌కట్ మీద రైట్ క్లిక్, ప్రాపర్టీస్, 'టార్గెట్' గడిలో కొటేషన్ గుర్తు మూసిన తర్వాత ఒక ఖాళీ వదిలి ఇవే రాయండి. కొటేషన్ లోపల రాస్తే విండోస్ ఆ పేరుతో ఫైల్ లేదంటుంది.

లాంచ్ ఆప్షన్స్‌ని లెక్కచెయ్యని గేములు కూడా ఉన్నాయి. అప్పుడు ఫైల్లోకే దిగాలి. దిగేముందు గేమ్ నిజంగా ఆగిందో లేదో చూసుకోండి. నల్ల తెర మీద ఆల్ట్, ఎఫ్4 కొట్టినా వెనకాల నడుస్తూనే ఉండొచ్చు. కంట్రోల్, షిఫ్ట్, ఎస్కేప్ నొక్కి టాస్క్ మేనేజర్లో చూసి 'ఎండ్ టాస్క్' చెయ్యండి. లేకపోతే మీరు సేవ్ చేసిన దాని మీద, ఆగిపోయేటప్పుడు గేమ్ మళ్ళీ పాత అంకెలే రాసేస్తుంది.

అన్‌రియల్ గేముకి విండోస్ కీ, ఆర్ నొక్కి, పర్సెంట్ గుర్తు, లోకల్‌యాప్‌డేటా, మళ్ళీ పర్సెంట్ గుర్తు కొట్టి ఎంటర్. గేమ్ పేరుతో ఉన్న ఫోల్డర్, సేవ్‌డ్, కాన్ఫిగ్. తర్వాత నాలుగో తరం ఇంజిన్ అయితే 'విండోస్ నోఎడిటర్', అయిదో తరం అయితే ఉత్త 'విండోస్'. అందులో గేమ్‌యూజర్‌సెట్టింగ్స్ అనే ఐఎన్ఐ ఫైల్. ముందు దాన్ని కాపీ చేసి అక్కడే పెట్టండి. తర్వాత నోట్‌ప్యాడ్‌లో తెరవండి.

దగ్గరగా చూపిస్తున్నాం చూడండి. 'రిజల్యూషన్‌సైజ్‌ఎక్స్ ఈక్వల్ 2560', కింద 'రిజల్యూషన్‌సైజ్‌వై ఈక్వల్ 1440'. వీటిని 1280, 720 చెయ్యండి. అక్కడితో ఆగకండి. ఇంకాస్త కింద 'లాస్ట్ యూజర్ కన్‌ఫర్మ్‌డ్' అని మొదలయ్యే అవే రెండు వరుసలు మళ్ళీ ఉంటాయి. ఇవి మార్చకపోతే మీరు కొత్త సైజు ఒప్పుకోలేదని గేమ్ అనుకుని పాతదానికే వెళ్ళిపోగలదు. 'ఫుల్‌స్క్రీన్‌మోడ్' వరుసలో సున్నా ఉంటే అసలైన ఫుల్ స్క్రీన్, 1 ఉంటే బోర్డర్‌లెస్, 2 ఉంటే కిటికీ. ఇందాక చెప్పుకున్నాం కదా, 1 ఉన్నంతకాలం డెస్క్‌టాప్ మాటే చెల్లుతుంది. టీవీకి పెట్టేటప్పుడు మొదట 2 పెట్టి తెరవమంటాం, బొమ్మ కనబడ్డాక మిగతావి మెనూలోనే చక్కబెట్టుకోవచ్చు.

అదే ఫైల్లో పేరు చివర 'రిజల్యూషన్‌క్వాలిటీ' అని ఇంకో వరుస. ఇది శాతం. 100 ఉంటే మామూలు. 50 ఉంటే 1280 బై 720 అని పైకి చెప్పి లోపల 640 బై 360లో గీసి సాగదీస్తుంది. సైజు సరిగ్గానే ఉన్నా బొమ్మ ఆవిరి పట్టిన అద్దంలో చూసినట్టుంటే అనుమానించాల్సింది దీన్నే. కంట్రోల్, ఎస్‌తో సేవ్ చెయ్యండి. 'సేవ్ యాజ్' కొడితే నోట్‌ప్యాడ్ చివర టీఎక్స్‌టీ తగిలించి వేరే ఫైల్ చెయ్యొచ్చు, దాన్ని గేమ్ చూడదు.

యూనిటీ గేములు రిజిస్ట్రీలో దాస్తాయి. విండోస్ కీ, ఆర్, 'రెజ్‌ఎడిట్'. కరెంట్ యూజర్, సాఫ్ట్‌వేర్, గేమ్ చేసిన కంపెనీ పేరు, గేమ్ పేరు. ఆ ఫోల్డర్ మీద రైట్ క్లిక్ చేసి ముందు ఎక్స్‌పోర్ట్ చేసి పెట్టుకోండి. కుడివైపు 'స్క్రీన్‌మేనేజర్ రిజల్యూషన్ విడ్త్' అని, చివర అండర్‌స్కోర్, హెచ్, పొడుగాటి నంబరుతో ఒకటి. పేరు ముట్టుకోవద్దు. డబుల్ క్లిక్ చేస్తే చిన్న పెట్టె. ఇక్కడ నిదానించండి. కుడిపక్క 'హెక్సాడెసిమల్' (పదికి బదులు పదహారు అంకెలతో లెక్క) అన్న చుక్క ముందే వెలిగి ఉంటుంది. అలాగే 1280 కొడితే అది మన 1280 కాదు, 4736 అయిపోతుంది. 720 కూడా అలాగే 1824 అవుతుంది. అప్పుడు టీవీ మాట దేవుడెరుగు, అసలు ఏ మానిటరూ ఒప్పుకోదు. ముందు 'డెసిమల్' చుక్క నొక్కి, తర్వాత అంకె కొట్టండి. ఎత్తుకీ అంతే.

పాత గేములకి ఇంత హడావిడి లేదు. 2003లో పీసీకి వచ్చిన జీటీఏ వైస్ సిటీ ఆటని ఇప్పటికీ ఇక్కడి పిల్లలు వదల్లేదు. డాక్యుమెంట్స్‌లో 'జీటీఏ వైస్ సిటీ యూజర్ ఫైల్స్' ఫోల్డర్లో 'జీటీఏ అండర్‌స్కోర్ వీసీ' అనే సెట్ ఫైల్ తీసేస్తే చాలు, గేమ్ మొదటి సెట్టింగ్స్‌తో తెరుచుకుంటుంది. ఆడిన ఆట పోదు, సేవ్‌లు వేరే ఫైళ్ళు. కీబోర్డ్ కంట్రోల్స్ మాత్రం మళ్ళీ పెట్టుకోవాలి. శాన్ ఆండ్రియాస్‌కీ ఇదే పద్ధతి. జీటీఏ 5కి అయితే డాక్యుమెంట్స్, రాక్‌స్టార్ గేమ్స్, జీటీఏ 5లో సెట్టింగ్స్ అనే ఎక్స్ఎంఎల్. అందులో స్క్రీన్‌విడ్త్, స్క్రీన్‌హైట్‌తో పాటు 'రిఫ్రెష్‌రేట్' కూడా 60 చెయ్యండి. సైజు మార్చి 144 అలాగే వదిలేస్తే టీవీకి మళ్ళీ అదే సమస్య. డాక్యుమెంట్స్‌లో ఫోల్డరే కనబడకపోతే వన్‌డ్రైవ్ లోపలున్న డాక్యుమెంట్స్‌లో చూడండి, కొత్త లాప్‌టాప్‌ల్లో తరచూ అక్కడికి మళ్ళించి ఉంటుంది.

అంతా సరిగ్గా మార్చినా తెరిచేసరికి మళ్ళీ 2560 వచ్చిందంటే అది స్టీమ్ క్లౌడ్ పని కావచ్చండి. కొన్ని గేములు సెట్టింగ్స్ ఫైల్‌ని కూడా క్లౌడ్‌లో, అంటే నెట్ మీద స్టీమ్ దగ్గర, దాస్తాయి. ప్రాపర్టీస్, జనరల్‌లో ఆ గేముకి మాత్రం క్లౌడ్ ఆపి, మార్చి, తెరిచి చూడండి. ఫైల్‌ని రీడ్-ఓన్లీ చెయ్యమని సలహా ఇచ్చేవాళ్ళున్నారు. పనిచేస్తుంది కానీ మాకు నచ్చదు. ఆ తర్వాత మెనూలో ఏం మార్చినా సేవ్ అవ్వదు, కొన్ని గేములు అసలు తెరుచుకోవు.

గేమ్ వచ్చింది కానీ నాలుగు వైపులా అంచులు తెగి, కిందున్న హెల్త్ బార్ సగమే కనబడుతోందంటే దానికి రిజల్యూషన్‌తో సంబంధం లేదు, అది టీవీ ఓవర్‌స్కాన్, అంటే టీవీయే బొమ్మని కాస్త పెద్దది చేసి అంచులు కత్తిరించడం. టీవీ రిమోట్‌తో పిక్చర్ సైజులోకి వెళ్ళి 'జస్ట్ స్కాన్' కానీ 'స్క్రీన్ ఫిట్' కానీ పెట్టండి. మనుషులు పొట్టిగా లావుగా కనబడితే 4:3 సైజుని 16:9 తెరకి సాగదీస్తోంది. ఎన్‌విడియా గ్రాఫిక్స్ కార్డయితే దాని కంట్రోల్ ప్యానెల్లో 'అడ్జస్ట్ డెస్క్‌టాప్ సైజ్'లో యాస్పెక్ట్ రేషియో ఎంచుకోండి, పక్కల నల్ల పట్టీలు వస్తాయి, బొమ్మ సరవుతుంది.

పాత గేమ్ మెనూలో 1280 బై 720 మించి సైజులే చూపించకపోతే లాప్‌టాప్ డిస్‌ప్లే స్కేలింగ్ (అక్షరాలు, బొమ్మలు పెద్దవి చేసే సెట్టింగ్) 150 శాతం మీద ఉందేమో చూడండి. 1920ని ఒకటిన్నరతో భాగిస్తే వచ్చేది 1280 కదా, గేముకి విండోస్ చెప్పేది ఆ లెక్కే. ఈఎక్స్‌ఈ ప్రాపర్టీస్, కంపాటబిలిటీ, 'చేంజ్ హై డీపీఐ సెట్టింగ్స్'లో ఓవర్‌రైడ్ టిక్ పెట్టి 'అప్లికేషన్' ఎంచుకుంటే అసలు సైజు కనబడుతుంది.

కరెంటు పోయిన వేళకి కూడా ఈ విద్య పనికొస్తుంది. గోదావరి జిల్లాల్లో గాలివాన పడితే ఎప్పుడొస్తుందో చెప్పలేం. టీవీ ఇన్వర్టర్ మీద లేకపోతే లాప్‌టాప్ తెర మీదే ఆడాలి, అదీ బ్యాటరీ మీద. బ్యాటరీ మీద గ్రాఫిక్స్ కార్డు వేగం బాగా తగ్గిపోతుంది. 1920 బై 1080 అంటే ఒక్కో ఫ్రేముకి 20,73,600 పిక్సెళ్ళు, 1280 బై 720 అంటే 9,21,600. సగం కంటే తక్కువ పని, ఆట మళ్ళీ సాఫీ అవుతుంది. అయితే ప్రాసెసర్ దగ్గర బిగుసుకునే గేములకి, ఉదాహరణకి ఊళ్ళు కట్టే ఆటలకి, సైజు ఎంత తగ్గించినా పెద్ద తేడా రాదు.

పండగయ్యాక లాప్‌టాప్ సర్దేముందు లాంచ్ ఆప్షన్స్ గడి ఖాళీ చేసెయ్యండి, కాపీ పెట్టిన ఐఎన్ఐ ఫైల్‌ని పాత పేరుతో తిరిగి పెట్టెయ్యండి, క్లౌడ్ మళ్ళీ ఆన్ చెయ్యండి. యూనిటీ గేములు లాంచ్ ఆప్షన్స్‌లో ఇచ్చిన సైజుని రిజిస్ట్రీలో కూడా రాసుకుంటాయి కాబట్టి, అక్కడికెళ్ళాక పెద్ద మానిటర్ మీద గేమ్ చిన్న కిటికీలో తెరుచుకుంటే కంగారు పడక్కర్లేదు, మెనూలో ఒక్కసారి 2560 ఎంచుకుంటే సరిపోతుంది.