చిన్న వేషాల నటుడు, పెద్ద దర్శకుడు: ఎర్నెస్ట్ లూబిచ్

నమస్కారం. ఈ వారం ఒక్క సినిమా కాదు, ఒక దర్శకుడి ప్రయాణం గురించి మాట్లాడుకుందాం.

ఎర్నెస్ట్ లూబిచ్ బెర్లిన్‌లో బట్టల వ్యాపారి కొడుకు. 1911లో పేరున్న నాటక దర్శకుడు మాక్స్ రైన్‌హార్ట్ బృందంలో చేరారు. దక్కినవి ఎక్కువగా చిన్న వేషాలే. తర్వాత మూకీల్లో హాస్యనటుడై, తన సినిమాలు తానే తీయడం మొదలుపెట్టారు. 1920 నాటి ‘సుమురున్’లో గూనివాడిగా ఆయన నటన చూడండి. చివరి వరుస ప్రేక్షకుడికి కూడా అందాలన్నట్టు కళ్లు, చేతులు, నడుము అన్నీ అరుస్తాయి. నాకది అతిగానే అనిపిస్తుంది.

అదే మనిషి, అమెరికన్ మూకీ తార మేరీ పిక్‌ఫర్డ్ పిలుపుతో 1922లో హాలీవుడ్ చేరాక, చూపించకుండా చెప్పడంలో ఆరితేరారు. 1934 నాటి ‘ద మెర్రీ విడో’ చూడండి. రాణి గదిలోంచి రాజు బయటికి రాగానే, కాపలా అధికారి లోపలికి జారుకుంటాడు. మరిచిపోయిన కత్తి కోసం రాజు వెనక్కి వెళ్లి, బెల్టుతో సహా తెచ్చుకుంటాడు. పెట్టుకోబోతే అది పొట్టకు అందదు! అంతసేపూ కెమెరా తలుపు బయటే ఉంటుంది. ఎంత ధీమా ఉంటే అలా తీయగలరు!

యూదుడైనందుకు నాజీలు 1935లో ఆయన జర్మన్ పౌరసత్వం రద్దు చేశారు. దానికి జవాబు అనదగ్గ సినిమా 1942లో వచ్చింది: ‘టు బీ ఆర్ నాట్ టు బీ’. నాజీల ఆక్రమణలో చిక్కిన పోలండ్ రాజధాని వార్సాలోని నాటక బృందం కథ. నాజీలతో హాస్యమా అని అప్పట్లో చాలామంది విమర్శకులు మండిపడ్డారు. నేను వాళ్లతో ఏకీభవించను. అందులో గ్రీన్‌బర్గ్ అనే నటుడు ఎప్పుడూ బల్లెం పట్టుకుని నిలబడే భటుడే. షేక్‌స్పియర్ ‘మర్చంట్ ఆఫ్ వెనిస్’లోని యూదు వడ్డీ వ్యాపారి షైలాక్ వేషం వేయాలని అతని కల. యుద్ధం వచ్చాక, కూలిన ఊళ్లో, మంచులో, తోటి నటుడి ముందు షైలాక్ మాటలే చెప్పుకుంటాడు: మమ్మల్ని గుచ్చితే రక్తం రాదా? చివరికి నిజమైన నాజీ సైనికుల మధ్య నిలబడి, అవే మాటలు పలుకుతాడు. చిన్న వేషాల ఆకలి తెలిసిన దర్శకుడు కాబట్టే ఆ ఘట్టం అంత గుండెలోతుకు దిగుతుంది.

ఆ పాత్ర వేసిన ఫీలిక్స్ బ్రెసార్ట్ కూడా జర్మన్ రంగస్థలం నుంచి వచ్చినవారే. కొత్తగా చూసేవారు ఈ సినిమాతో మొదలుపెట్టండి. తర్వాత 1940 నాటి ‘ద షాప్ అరౌండ్ ద కార్నర్’. అందులో ‘నీ అభిప్రాయం చెప్పు’ అని యజమాని అడగగానే మాయమయ్యే గుమాస్తా ఈ బ్రెసార్టే. ఆయన కనిపించినంతసేపూ చూపు తిప్పకండి.