కళ్ళు కుట్టుకున్న మేజోడు

శ్రోతలకు నమస్కారం. ఇవాళ ఒక మేజోడు గురించి చెప్పుకుందాం. అవును, కాలికి తొడుక్కునే మేజోడే.

చెకోస్లొవేకియా దర్శకుడు యాన్ ష్వాంక్‌మయర్ 1988లో ‘ఆలిస్’ అనే సినిమా తీశారు. లూయిస్ కారోల్ రాసిన ‘ఆలిస్ ఇన్ వండర్‌ల్యాండ్’ పిల్లల కథే దానికి ఆధారం. సినిమాలో ఆలిస్ అనే పాప నిజమైన పాపే. చుట్టూ ఉన్నవి మాత్రం వస్తువులు, బొమ్మలు, రంపపు పొట్టు కూరిన కుందేలు. ఒక గదిలో చెక్క నేలకు కన్నాలుంటాయి. వాటిలోంచి మేజోళ్ళు పురుగుల్లా పాకుతూ వస్తాయి. ఒక మేజోడు గాజు కళ్ళు పెట్టుకుంటుంది, కట్టుడు పళ్ళు బిగించుకుంటుంది, రఫూ చేసేందుకు వాడే పుట్టగొడుగులాంటి చెక్క మీదికెక్కుతుంది. కథలోని గొంగళిపురుగు అదే! నిద్రొస్తే సూదీ దారంతో కళ్ళు కుట్టేసుకుంటుంది. నవ్వొస్తుంది, ఒళ్ళూ జలదరిస్తుంది. రెండూ ఒకేసారి రప్పించడం ఎంత అరుదైన విద్యో చూడండి!

ఇలాంటివి ఎలా కదులుతాయి? సినిమాలో సెకనుకు 24 ఫ్రేములు, అంటే 24 కదలని ఫొటోలు. ఒక్కో భంగిమను రెండేసి ఫ్రేములు తీసినా సెకనుకు 12 భంగిమలు, నిమిషానికి 720. పిసరంత జరపాలి, చెయ్యి తియ్యాలి, ఫ్రేము తియ్యాలి. మళ్ళీ జరపాలి, మళ్ళీ తియ్యాలి.

మరి పక్కన మనిషి ఉంటే? ఊపిరి పీల్చినా భుజం కదులుతుంది, తెరమీద వణుకులా కనిపిస్తుంది. అందుకే ఎక్కువగా మనిషినీ బొమ్మనీ వేరువేరు షాట్లలో తీసి కలుపుతారు. పాప చూసింది, కట్. మేజోడు నోరు తెరిచింది, కట్. ఇక్కడ ప్రాణమంతా చూపులోనే ఉంది. బొమ్మ తల ఉండే ఎత్తులో ఒక గుర్తు అంటించి, పాపను అక్కడికే చూడమనాలి. నాలుగు వేళ్ళు తేడా వచ్చినా పాప గోడను చూస్తున్నట్టుంటుంది.

ఇంట్లో ఫోనుతో ప్రయత్నించేవాళ్ళు ముందు వెలుతురు సంగతి చూసుకోండి. గంటసేపు తీసింది తెరమీద అయిదారు సెకన్లే. ఆ గంటలో ఎండ జరుగుతుంది, మబ్బు పడుతుంది, తెరమీద దృశ్యం మిణుకుమిణుకుమంటుంది. కాబట్టి కిటికీలకు మందపాటి తెరలు వెయ్యండి, ఒకే దీపం వాడండి. ఫోను స్టాండు మీద కదలకుండా నిలవాలి. ఎక్స్‌పోజర్ (వెలుగు మోతాదు), ఫోకస్ (స్పష్టత), వైట్ బ్యాలెన్స్ (రంగుల తీరు) మూడూ ఫోను తనంతట తాను మార్చకుండా లాక్ చెయ్యండి. తెల్లచొక్కా వద్దు. మీరు వంగిన ప్రతిసారీ దాని మెరుపు బొమ్మ మీద పడుతుంది.

ఇక మేజోడులో దూది ఒక్కటే కూరితే నిలబడదు, ఫ్రేము ఫ్రేముకీ కుంగిపోతుంది. మెత్తటి అల్యూమినియం తీగ రెండు పోగులు మెలేసి లోపల పెట్టండి, అడుగు కొసను బల్లకు గట్టిగా బిగించండి. ఒంటి పోగయితే పదేపదే వంచిన చోటే విరుగుతుంది, అదీ సరిగ్గా షాట్ మధ్యలో.