ధిక్కరణ పిటిషన్ వెనక్కి తీసుకునే ముందు

వ్యాఖ్యాత: ఈ వారం ఒక శ్రోత ప్రశ్నతో మొదలుపెడదాం. పింఛను బకాయిలు చెల్లించమని హైకోర్టు చెప్పినా అధికారులు కదలలేదట. ఆయన ధిక్కరణ పిటిషన్ వేశారు. నోటీసు వెళ్లగానే ఖాతాలో డబ్బు పడింది. ఇక వెనక్కి తీసుకోవడమే కదా, చూసుకోవలసింది ఏముంది అని అడుగుతున్నారు.

న్యాయవాది: పడిన డబ్బు ఎంతండి? తీర్పులో వడ్డీ కూడా ఇమ్మన్నారా? అసలు జమచేసి, వడ్డీ ఊసెత్తకుండా ‘ఉత్తర్వు అమలైంది’ అని కాగితం పెట్టేయడం నేను చాలాసార్లు చూశాను.

వ్యాఖ్యాత: పూర్తిగా వచ్చిందనే అనుకుందాం. పిటిషన్ వేసింది ఆయన, వద్దనుకున్నదీ ఆయనే. మళ్లీ కోర్టు అనుమతి దేనికి?

న్యాయవాది: ఇది ఇద్దరి మధ్య అప్పు తగాదా కాదు కదా. 1971 నాటి కోర్టు ధిక్కార చట్టం ప్రకారం ఉత్తర్వును కావాలని పాటించకపోవడమే సివిల్ ధిక్కారం. అంటే తప్పు జరిగింది కోర్టు పట్ల. పిటిషనర్ ఆ సంగతి కోర్టు చెవిన వేసిన మనిషి, అంతే. ఆయన తప్పుకున్నా కోర్టు కావాలనుకుంటే విచారణ కొనసాగించవచ్చు. అయితే ఉత్తర్వు అమలై, అధికారి క్షమాపణ చెప్పుకుంటే సాధారణంగా అక్కడితో ముగిస్తారు.

వ్యాఖ్యాత: శిక్ష భయం గట్టిగానే పనిచేస్తుందన్నమాట.

న్యాయవాది: జరిమానా గరిష్ఠంగా 2,000 రూపాయలండి, దానికెవరు భయపడతారు! 6 నెలల వరకు జైలు ఉంది, అది నిజమే. కానీ నేను చూసినంతలో, నిండు కోర్టులో చేతులు కట్టుకుని నిలబడవలసి రావడమే పెద్ద అధికారులను ఎక్కువగా కదిలిస్తుంది.

వ్యాఖ్యాత: తీర్పులో ‘చెల్లించండి’ అని కాక, ‘అర్జీని పరిశీలించండి’ అని మాత్రమే ఉంటే?

న్యాయవాది: అసలు చిక్కు అక్కడే. వాయిదా రోజు ఉదయం ప్రభుత్వ న్యాయవాది ఒక కాగితం చేతిలో పెడతారు. ‘పరిశీలించాం, తిరస్కరించాం’ అని ఉంటుంది. మన మనిషికి ఒళ్లు మండుతుంది. కానీ అది తప్పుడు నిర్ణయమైనా కొత్త ఉత్తర్వే. దాని మంచిచెడ్డలను ధిక్కరణ పిటిషన్‌లో తేల్చరని 1996లోనే జె.ఎస్. పరిహార్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కాబట్టి వెనక్కి తీసుకోవడమే మేలు. అయితే ‘ఉపసంహరించుకుంటున్నాం’ అని ఊరుకోకూడదు. ‘కొత్త ఉత్తర్వును వేరుగా సవాలు చేసుకునే స్వేచ్ఛతో’ అన్న మాట అడిగి రాయించుకోవాలి. ఆ ఒక్క పంక్తి లేక తరువాత నానా తంటాలు పడినవాళ్లున్నారు.

వ్యాఖ్యాత: ‘త్వరలో ఇచ్చేస్తాం’ అన్న హామీ నమ్మి వెనక్కి తీసుకుంటే?

న్యాయవాది: నోటిమాటకైతే నేను తీసుకోనివ్వను. చట్టంలోని 20వ సెక్షన్ ప్రకారం ధిక్కారం జరిగిన నాటి నుంచి ఏడాది దాటితే చర్యలు మొదలుపెట్టడానికి వీల్లేదు. హామీలతో నెలలు గడిచిపోయాక మళ్లీ పిటిషన్ వేయబోతే ముందు ఆ గడువే అడ్డొస్తుంది. గడువు తేదీతో సహా ఆ హామీని కోర్టు ఉత్తర్వులోనే నమోదు చేయించాలి. అప్పుడు మాట తప్పితే అది మరో ధిక్కారం.

వ్యాఖ్యాత: మరి మన శ్రోత ఇప్పుడేం చేయాలి?

న్యాయవాది: తీర్పు ఒక పక్క, బ్యాంకు పాస్‌బుక్కు ఒక పక్క పెట్టుకుని వడ్డీ లెక్క కట్టమనండి. సంతకం ఆ తరువాత.