న్యూయార్క్ వైర్లను భూమిలోకి దించింది మంచు తుఫానేనా?

"1888లో న్యూయార్క్‌లో పెద్ద మంచు తుఫాను వచ్చింది, దెబ్బకి వైర్లన్నీ భూమిలోకి దిగిపోయాయి." ఈ ముక్క విన్నప్పుడల్లా చిర్రెత్తుకొస్తుంది. టెలిగ్రాఫ్, ఫోన్, కరెంటు వైర్లు పాతిపెట్టాలన్న చట్టం 1884లోనే వచ్చిందండీ! ఖర్చెక్కువంటూ కంపెనీలు నానబెట్టాయి, అంతే.

అసలు ఆ తుఫానులో వైర్ల స్తంభాలెందుకు పడ్డాయి? పెరట్లో దండెం గుర్తు తెచ్చుకోండి. పొడి బట్టలకి ఏమీ కాదు. నీళ్లోడే దుప్పటి వేశాక ఈదురుగాలి కొడితే? మార్చి 11 ఆదివారం వాన. అర్ధరాత్రి దాటాక అదే మంచయింది. తడి వైరు చుట్టూ గడ్డకట్టింది. వైరు లావైతే బరువొక్కటే కాదు, గాలి తగిలే వెడల్పూ పెరుగుతుంది. పైగా ఒక్కో స్తంభానికి వరసలుగా అడ్డకర్రలు, వాటికి డజన్లకొద్దీ వైర్లు. ఒకే గుంజకి అన్ని దండేలన్నమాట!

గుంజ నిటారుగా ఉండేది రెండువైపులా తాడు సమానంగా లాగుతుంది కాబట్టి. ఒకవైపు తెగిందా, రెండోవైపుకి ఒరుగుతుంది, పక్క గుంజనీ లాగుతుంది. మంచే అక్కర్లేదు, 2014లో హుద్‌హుద్ గాలికే విశాఖలో స్తంభాలు పడిపోయాయి, అక్కడా ఆ తర్వాతే భూగర్భ కేబుళ్లు వేశారు.

ఆ తుఫాను రోజుల్లో న్యూయార్క్ నుంచి బోస్టన్‌కి టెలిగ్రామ్ ఎలా వెళ్లిందో తెలుసా? లండన్ మీదుగా! అట్లాంటిక్ అడుగున కేబుల్ బాగానే ఉంది, వీధిలో వైరే తెగింది. గాలికి అందని వైరే భద్రం అనడానికి ఇంతకన్నా రుజువేం కావాలి?

అలాగని గొయ్యి తీసి వైరు పడేస్తే సరిపోదు. పైనైతే కరెంటు బయటికి పాకకుండా గాలే ఇన్సులేషన్. కిందైతే వైరుకి పూత, దానిపై సీసం తొడుగు, ఆ కేబుల్‌కి ఒక గొట్టం, మధ్యమధ్యలో మ్యాన్‌హోళ్లు. గొట్టం ఎందుకంటే, కేబుల్ చెడితే రోడ్డంతా తవ్వకుండా మ్యాన్‌హోల్‌లోంచి లాగి కొత్తది దూర్చొచ్చు. వీధి దీపాల హైవోల్టేజి వైర్లు ఫోన్ వైర్లకి దూరంగా ఉండాలి. పక్కన గ్యాస్ పైపు కారితే ఆ గ్యాస్ మ్యాన్‌హోల్‌లో చేరుతుంది, ఒక్క నిప్పురవ్వకి మూత గాల్లోకి లేస్తుంది. అంటే కంపెనీల గొణుగుడు మరీ అబద్ధమేం కాదు. కానీ నాలుగేళ్లా?

చివరికి 1889 ఏప్రిల్‌లో మేయర్ హ్యూ గ్రాంట్ స్తంభాలు నరికించడం మొదలుపెట్టాడు.

సబ్‌వే, అంటే భూగర్భ రైలు కూడా ఆ తుఫాను వల్లే వచ్చిందంటారు. టైమైపోతోంది, అదీ గబగబా చెప్పేస్తా. తుఫానులో పై వంతెనల మీద రైళ్లు ఆగి వేలమంది చిక్కుకున్నారు, నిజమే. కానీ గ్రాంట్‌కి ముందున్న మేయర్ హ్యూయిట్ సబ్‌వే ప్రతిపాదన 1888 జనవరిలోనే, అంటే తుఫానుకి ముందే పెట్టాడు. 1894లో చట్టం, 1900లో తవ్వకం, 1904 అక్టోబరు 27న మొదటి రైలు. బోస్టన్ అయితే 1897లోనే తెరిచేసింది, దాని సంగతి ఇంకో వీడియోలో.