కాగితం ముక్క మీది మత్తు

శ్రోతలకు నమస్కారం. మత్తు అనగానే పాలమూరు, నల్లగొండ పల్లెల్లో ముందు గుర్తొచ్చేది కల్తీ కల్లు. అందులో కలిపే అల్ప్రాజోలం, డైజిపామ్ అనే నిద్రమత్తు మందులకు ఒళ్లు అలవాటు పడ్డాక కల్లు అందకపోతే చేతులు వణకడం, నిద్ర పట్టకపోవడం, ఒక్కోసారి ఫిట్స్ రావడం మన ఆస్పత్రులకు తెలిసినవే. హైదరాబాదు హాస్టళ్లలో చదివే మన పిల్లల చెవిన పడుతున్న, భ్రమలు కలిగించే ఎల్‌ఎస్‌డి అనే మత్తుమందు తీరు వేరు. దానికి ఒళ్లు అలా బానిస కాదు. అందుకే అలవాటు కాదు, ప్రమాదమూ లేదనే ప్రచారం సులువుగా చెల్లుతోంది. అందులో మొదటి సగమే నిజం.

గోరంత కాగితం ముక్కకు పట్టించే మందు సుమారు 100 మైక్రోగ్రాములు, అంటే గ్రాములో పదివేలవ వంతు. దాన్ని నాలుక మీద పెట్టుకున్న గంటలోపే రంగులు కదలడం, గోడలు ఊపిరి తీస్తున్నట్టు కనిపించడం, కాలం సాగినట్టు తోచడం మొదలై, 8 నుంచి 12 గంటలు కొనసాగుతాయి. మధ్యలో భయం పట్టుకుంటే ఆపే వీలుండదు. ఆ భయంలోనే కొందరు మేడ మీది నుంచి దూకుతారు, రోడ్డు మీదికి పరుగెత్తుతారు. కుటుంబంలో స్కిజోఫ్రెనియా అనే తీవ్ర మానసిక జబ్బు ఉన్నవారికి మతిభ్రమణం బయటపడే ముప్పు ఎక్కువ. కొద్దిమందికి మందు దిగిన నెలల తర్వాత కూడా చూపులో వింతలు పోవు. పైగా ఎల్‌ఎస్‌డి పేరుతో అమ్మే కాగితం మీద ఎన్‌బోమ్ అనే వేరే రసాయనం ఉండవచ్చు. దానివల్ల ప్రాణాలు పోయిన సందర్భాలున్నాయి. చూసి పోల్చుకోవడం ఎవరి తరమూ కాదు.

ఇలాంటి మందులతో వైద్యమే చేస్తున్నారు కదా అనేవారూ ఉన్నారు. నిజమే, ఆస్ట్రేలియాలో 2023 జూలై నుంచి, ఇతర చికిత్సలకు లొంగని డిప్రెషన్‌కు, అనుమతి పొందిన మానసిక వైద్యులు కొన్ని పుట్టగొడుగుల్లో ఉండే, ఎల్‌ఎస్‌డిలాగే భ్రమలు కలిగించే సిలోసైబిన్‌ను మందుగా రాయగలుగుతున్నారు. అది వైద్యుడి కళ్లెదుట జరిగే చికిత్స. హాస్టల్ గదిలో వాడినా ప్రమాదం లేదనడానికి అది సాక్ష్యం కాదు.

మన దేశంలో 1985 నాటి ఎన్‌డీపీఎస్ (మాదకద్రవ్యాల నిరోధక) చట్టం కింద ఎల్‌ఎస్‌డి, సిలోసైబిన్ రెండూ నిషిద్ధాలే. ఎల్‌ఎస్‌డి 2 మిల్లీగ్రాముల వరకు చిన్న పరిమాణం, శిక్ష ఏడాది వరకు. 100 మిల్లీగ్రాములు దాటితే వాణిజ్య పరిమాణం, కనీసం 10 ఏళ్లు, గరిష్ఠంగా 20 ఏళ్లు. మందు కన్నా కాగితమే బరువు కనుక దాన్ని కలిపి తూచాలా వద్దా అని హైకోర్టుల్లో పెద్ద వాదనలే నడిచాయి. స్నేహితుడి కోసం జేబులో పెట్టుకున్నవాడికి, కాగితం బరువు కలిపితే వచ్చే ఆ తేడాయే ఏళ్ల జైలు.

ఎవరికైనా భ్రమలు మొదలైతే ఒంటరిగా వదలకుండా, వెలుతురు తగ్గించి, తగువు పెట్టుకోకుండా పక్కన కూర్చోవాలి. జ్వరం, ఫిట్స్, స్పృహ తప్పడం ఉంటే భూతవైద్యుడి దగ్గరికి కాదు, 108కి ఫోన్ చేసి, డాక్టరుకు ఏం తీసుకున్నాడో దాచకుండా చెప్పాలి. వ్యసనం నుంచి బయటపడే సలహాలకు 14446 నంబరు ఉంది. తనంతట తానుగా చికిత్సకు వచ్చిన వ్యసనపరుడికి చిన్న పరిమాణం కేసుల్లో అదే ఎన్‌డీపీఎస్ చట్టంలోని 64ఏ సెక్షన్ రక్షణ కూడా ఉంది.