డియర్ చైల్డ్ రివ్యూ: ఆ పాప ఎందుకు ఏడవదు?

నమస్తే అండి. ఈ రోజు నెట్‌ఫ్లిక్స్‌లో ఉన్న జర్మన్ సిరీస్ ‘డియర్ చైల్డ్’ గురించి మాట్లాడుకుందాం. జర్మన్‌లో పేరు ‘లీబెస్ కిండ్’. 2023 సెప్టెంబర్‌లో వచ్చింది, మొత్తం ఆరు ఎపిసోడ్లే. నేరస్తుడెవరో చెప్పను, ధైర్యంగా వినండి.

రాత్రిపూట అడవి పక్క రోడ్డు మీద ఒకామెను కారు గుద్దేస్తుంది. ఆమెతో పాటు అంబులెన్స్ ఎక్కుతుంది ఒక పాప, హన్నా. ఏడుపు లేదు, కంగారు లేదు. అమ్మ పేరు లేనా అంటుంది. 13 ఏళ్ల కింద మాయమైన ఒక అమ్మాయి పేరూ లేనానే! కబురు తెలియగానే ఆ అమ్మాయి తల్లిదండ్రులు రాత్రికి రాత్రే ఆఖెన్ నగరంలోని ఆసుపత్రికి పరుగెత్తుతారు. మంచం మీదున్న మనిషిని చూసి తండ్రి, ఈమె మా అమ్మాయి కాదంటాడు. అంతలో హన్నా కనిపిస్తుంది. అచ్చం చిన్నప్పటి లేనా! ఇదంతా మొదటి ఎపిసోడే. తండ్రి మత్యాస్‌గా యుస్టుస్ ఫాన్ దొహ్నాన్యి చేశారు. కూలిపోయిన ఆశ మళ్లీ లేచి నిలబడడం ఆయన ముఖంలో చూడాలి, గుండె పట్టేస్తుంది.

నన్ను వదలనిది మాత్రం హన్నా పెరిగిన ఇల్లు, తల్లీ పిల్లల్ని ఒకడు బంధించి ఉంచిన చోటు. కిటికీలన్నీ మూసేసి ఉంటాయి. తలుపు తెరుచుకునే చప్పుడు వినగానే తల్లీ పిల్లలూ లేచి నిలబడి, చేతులు చాపి చూపించాలి. ఆ పిల్లలకు ఇల్లంటే అదే, నాన్నంటే అతనే. అందుకే పోలీసులు ఎంత అడిగినా హన్నా తనకు నేర్పినట్టే జవాబిస్తుంది. తను చెప్పేదాంట్లో ఏది నిజమో, ఏది నూరిపోసిన పాఠమో విడదీయడమే ఇక్కడ అసలు మిస్టరీ. హన్నాగా నైలా షూబెర్ట్ అద్భుతంగా చేసింది. 2024లో దీనికి మినీ సిరీస్ విభాగంలో ఇంటర్నేషనల్ ఎమ్మీ అవార్డు వచ్చిందంటే, నా దృష్టిలో సగం ఘనత ఈ పాపదే.

లోటు లేకపోలేదు. చివరికొచ్చేసరికి హడావిడి పడ్డారు. వాళ్లను బంధించిన మనిషి అలా ఎందుకు తయారయ్యాడో ఇంకాస్త చూపించాల్సింది.

నిర్బంధం, హింస ఉన్నాయి కాబట్టి పిల్లలు పడుకున్నాక పెట్టుకోండి. డబ్బింగ్ వద్దు, జర్మన్ ఆడియోతో సబ్‌టైటిల్స్ చదువుతూ చూడండి. “నాన్న” అనే మాట హన్నా ఎంత ప్రశాంతంగా పలుకుతుందో ఆ గొంతులోనే వినాలి.